క్షణ భాండాగారములు

చిత్రగుప్తుని చిట్టాకెక్కని క్షణము లేదని మనవారి విశ్వాసము. ఐనను ఆ చిట్టా లెక్క తేల్చుటకేర్పడినదే కాని చదువుకొని సంతోషించుటకు గాదు. పుణ్యమునకును పాపమునకును చెందక ఊరక గడచిపోయిన ఒక మధ్యాహ్నమునకు అందు పద్దు దొరకుట దుర్లభము. మనుష్యుని ఆయుర్దాయములో అధికభాగము ఇట్టి మధ్యాహ్నములే యగుటచేత కాబోలు, గతించిన క్షణములనెల్ల పదిలపరచు గ్రంథాలయములను కల్పించుటకు ఇరువదవ శతాబ్దపు కథకులు కొందఱు పూనుకొనిరి.

వీరిలో అర్జెంటీనా దేశీయుడగు బోర్హెస్ పేరు మొదట చెప్పవలసియున్నది. బ్యూనస్ ఐరిస్ నగరమున ఒక పురపాలక గ్రంథాలయములో చిన్న కొలువు చేయుచు, నాటికి విధింపబడిన పట్టికపనిని తొలిగంటలోనే ముగించి తక్కిన పొద్దంతయు చదువులోను వ్రాతలోను గడపిన ఈయన, 1941లో ‘బేబెల్ గ్రంథాలయము’ అను కథను ప్రకటించెను. ఆ గ్రంథాలయమున ప్రతి పుస్తకమునకు 410 పుటలు. 25 సంకేతములను ఎన్ని తీరుల కూర్పవచ్చునో అన్ని తీరుల పుస్తకములును అందు కలవు. కావున మనము నిన్న పలికిన మాటయు, రేపు పలుకబోవు మాటయు, ఎన్నడును పలుకని మాటయు అచట సమానగౌరవముతో నిలిచియున్నవి. ఒక్కొక్క సత్యము చుట్టును అక్షరభేదముతో అసత్యములు కోట్లాదిగా మూగియుండగా, జరిగినదేదియో చూపగల పట్టిక యేది? గణితముగా నిది అద్భుతము. క్షణములను దాచుకొను చోటుగా మాత్రము ఉత్త దివాలా. మరుసటి యేడు ఆయనయే వ్రాసిన ఫూనెస్ కథలోని యువకుడు, ఏదియు మఱవజాలనివాడై, ఒక దినమును ఆమూలాగ్రముగ స్మరించుటకు మరియొక దినమును పూర్తిగ వెచ్చించును. అంతయు నిలుపుకొనుటలోని చిక్కు బోర్హెస్ ఎఱుగనిది కాదు.

నా మనసునకు నచ్చిన కట్టడము వేఱు. యుగోస్లావియా రచయిత దనీలో కీష్ 1983లో ప్రకటించిన ‘మృతుల విజ్ఞానసర్వస్వము’ అను సంపుటమున అదే పేరుగల కథలో, ఇటీవలనే తండ్రిని పోగొట్టుకొన్న ఒక స్త్రీ స్టాక్‌హోమ్ రాజగ్రంథాలయమున ఒక రాత్రి ఒంటరిగ చిక్కుపడును. గదికొక అక్షరము, సంపుటములన్నియు ఇనుపగొలుసులతో అరలకు బంధింపబడినవి. అందు చోటు దొరకుటకు నియమమొక్కటే: ఆ మనుష్యుని పేరు మరి యే విజ్ఞానసర్వస్వమునను ఉండరాదు. ఆమె తండ్రి పేరు వెదకి పట్టుకొని, చలిలో వణకుచు, తెల్లవారులోపల చేతనైనంత యెత్తి వ్రాసికొనును. తొలిసారి సముద్రమును చూచిన దినము, వార్ధక్యమున పూనిన పూలబొమ్మల పిచ్చి, ఇంటిలో కంటబడిన ప్రతి వస్తువుమీదను ఆయన చిత్రించిన పువ్వులు, అన్నియు అందు కలవు. వాక్యములు మాత్రము క్లుప్తములు. ఏదియు విడువరాదను వ్రతమునకును, ఏదియు సాగదీయరాదను నిగ్రహమునకును కుదిరిన ఈ పొత్తే ఆ గ్రంథమునకు ప్రాణము. మనము చదువుచున్నది ఆ గ్రంథమును గాదు, ఒక రాత్రిలో ఒక కూతురు ఏఱుకొన్న కొన్ని పుటలను. బోర్హెస్ భవనమున కొఱవడినది ఇట్టి ఏఱుకొను చేయియే యని నా యభిప్రాయము.

ఈ కల్పనకు లోకమున పోలిక లేకపోలేదు. అమెరికాలోని సాల్ట్ లేక్ నగరసమీపమున మోర్మన్ మతస్థులు గ్రానైటు కొండను తొలిచి, వంశావళులను మైక్రోఫిలిమ్ చుట్టలుగా భద్రపరచియున్నారు. కథ వ్రాసిన పిదప ఈ సంగతి తెలియవచ్చినదని కీష్ తన పుస్తకపు తుదిమాటలో చెప్పినాడు. కాని ఆ చుట్టలలో నున్నవి ప్రధానముగ పుట్టుక, పెండ్లి, చావుల లెక్కలే. ఆఫీసు కాగితమునకు అంతకుమించి పనిలేదు.

ఏదియు విడువరాదను ఈ వెఱ్ఱి కీష్‌కు ఎటనుండి వచ్చినదో ఊహించుట కష్టము గాదు. ఆయన తండ్రి ఎడ్వర్డ్ రైల్వే ఉద్యోగి. 1938లో వెలువడిన యుగోస్లావియా రైళ్ల కాలపట్టికను కూర్చినవాడు. యూదుడగుటచేత 1944లో ఆష్‌విట్జ్‌కు తరలింపబడి మరి తిరిగి రాలేదు. నిమిషములతో సహా రాకపోకలను గుదిగ్రుచ్చిన ఆ తండ్రి కడపటి ప్రయాణమునకు కొడుకు చేతిలో పట్టిక లేదు. అతనిని వెదకుచునే కీష్ నవల వెనుక నవల వ్రాసెను. 1989లో పారిస్‌లో గతించిన కీష్ పేరు నేడు ఏ విజ్ఞానసర్వస్వమును తెఱచినను కనబడును. ఆ వ్యాసముల పుణ్యమా యని తండ్రి పేరును వానిలోని కెక్కినది. కథలోని నియమమును అక్షరాల పాటించినచో, స్టాక్‌హోమ్ నేలమాళిగలలో ఆ యిరువురకును ఇక చోటు లేదు.