వీసా ఇవ్వలేనిది

2017 ఫిబ్రవరి 22న కన్సాస్ రాష్ట్రం ఒలేథాలోని ఓ బార్‌లో, నా దేశం వదిలి పొమ్మని అరిచిన ఒక దుండగుడు కూచిభొట్ల శ్రీనివాస్‌ను కాల్చి చంపాడు. పక్కనున్న ఆలోక్ మాదసాని గాయపడ్డాడు. అడ్డుపడబోయిన ఇయాన్ గ్రిలట్ అనే అమెరికన్‌కూ తూటా తగిలింది. ఆ తర్వాత శ్రీనివాస్ భార్య సునయన దుమాల అక్కడివాళ్లను నేరుగా అడిగింది, మేమూ ఈ దేశపు మనుషులమేనా అని. ఆ ప్రశ్ననే పేరుగా పెట్టి సోఫియన్ ఖాన్ 'డు వి బిలాంగ్?' అనే చిన్న డాక్యుమెంటరీ తీశారు. శ్రీనివాస్ గార్మిన్ కంపెనీలో ఇంజనీరు. చట్టప్రకారం వెళ్లాడు, చదివాడు, పనిచేశాడు. అయినా ఆయన చనిపోవడంతో సునయనకు అక్కడ ఉండే హక్కే లేకుండా పోయింది. అంత్యక్రియలకు హైదరాబాద్ వచ్చిన ఆమె తిరిగి వెళ్లాలంటే కాంగ్రెస్ సభ్యుడు కెవిన్ యోడర్ పూనుకోవాల్సి వచ్చింది. కాగితం మనిషికి అనుమతి మాత్రమే ఇవ్వగలదు. ఆదరణ చుట్టూ ఉన్నవాళ్లే ఇవ్వాలి.

ఈ డాక్యుమెంటరీని హైదరాబాద్ శివారులోని నార్సింగిలో కూర్చుని చూడాలి. ఒకవైపు నానక్‌రామ్‌గూడలో 2023లో తెరిచిన అమెరికా కాన్సులేట్, మరోవైపు వీసా దేవుడని పేరుపడ్డ చిలుకూరు బాలాజీ. మధ్యలో రోజురోజుకీ లేస్తున్న టవర్లు. వాటికి సెంట్రింగ్ కొట్టేవాళ్లలో, టైల్స్ వేసేవాళ్లలో బీహార్, ఒడిశా, జార్ఖండ్‌ల నుంచి వచ్చినవాళ్లు ఎందరో. సైటు పక్కనే రేకుల గదుల్లో ఉంటారు, పునాది నుంచి పైకప్పు దాకా కడతారు. మనం గృహప్రవేశం చేసుకునేసరికి మరో సైటుకు వెళ్లిపోయి ఉంటారు. సునయన ప్రశ్న వీళ్లదీ కాదా?

ఈ పోలిక చెల్లదని కొందరంటారు. వీళ్లు ఈ దేశ పౌరులే, ఎక్కడైనా స్థిరపడే హక్కు రాజ్యాంగం 19వ అధికరణమే ఇచ్చింది, ఇక్కడ ఎవరూ తుపాకీ ఎత్తలేదు అని. నిజమే, ఆ తేడా చిన్నది కాదు. శ్రీనివాస్ ప్రాణాన్ని మరే కష్టంతోనూ తూచలేం. కానీ పౌరసత్వం చేతిలో ఉన్నా ఊరు తనది కాకపోవచ్చని 2020 చూపించింది. కరోనా లాక్‌డౌన్ మొదట్లో తెలంగాణ ప్రభుత్వం వలస కార్మికులకు తలా 12 కిలోల బియ్యం, 500 రూపాయలు ప్రకటించింది. మంచి నిర్ణయమే. అయినా మే 1న లింగంపల్లి నుంచి జార్ఖండ్‌లోని హటియాకు వలస కార్మికుల్ని సొంత రాష్ట్రాలకు చేర్చే శ్రామిక్ రైళ్లలో దేశంలోనే మొదటిది కదిలింది. అందులో సుమారు 1,200 మంది వెళ్లారు. ఆకలి ఒక్కటే వాళ్లను రైలెక్కించలేదని మా నమ్మకం. ఆపద వస్తే తలుపు తట్టడానికి ఈ ఊళ్లో వాళ్లకు ఒక్క ఇల్లు లేదు. వాళ్లు కట్టిన ఇళ్లు మాత్రం వందలున్నాయి.

డాక్యుమెంటరీ బలం ఇక్కడే ఉంది. అధికారి ఫైలు చూస్తాడు, కెమెరా ఆ మనిషి చెప్పేది పూర్తయ్యేదాకా వింటుంది. కన్సాస్‌లో మన బిడ్డ కోసం అలా వినడానికి దర్శకుడొకరు ముందుకొచ్చారు. నార్సింగి అడ్డా మీద ఒడియా, భోజ్‌పురి మాట్లాడే కార్మికుల కోసం తెలుగు రచయితలు, దర్శకులు ఆ పని చేయాలి. వాళ్ల మాటల్ని వాళ్ల పేర్లతో, వాళ్ల అనుమతితో రాసి పంపండి. అచ్చువేసే బాధ్యత మాది.