చెల్లెలు చేసిందీ, తాను రాసిందీ

ఈ సంచికలో ప్రధాన వ్యాసాలు జర్మన్ తత్వవేత్త నీషే రాజకీయాల మీద. 1889 జనవరిలో ట్యూరిన్‌లో ఆయనకు మతి చలించింది. ఆ తర్వాత రాతలన్నీ చెల్లెలు ఎలిజబెత్ గుప్పిట్లోకి పోయాయి. ఆమె భర్త ఫోర్‌స్టర్ యూదుల మీద విషం కక్కిన మనిషి. ‘శుద్ధ’ జర్మన్ల కోసమని పరాగ్వేలో వలస పెట్టాడు. అన్నగారి నోటుపుస్తకాల్లోంచి ముక్కలు ఏరి 1901లో ‘విల్ టు పవర్’ అచ్చు వేయించింది ఆమే. 1935లో ఆమె అంత్యక్రియలకు హిట్లర్ స్వయంగా వచ్చాడు. నీషేనేమో యూదు ద్వేషుల్నీ, జర్మన్ జాతీయోన్మాదాన్నీ ఏవగించుకున్నవాడు.

అలాగని ఆయన పేరు హిట్లర్‌తో ముడిపడిన తప్పంతా చెల్లెలి నెత్తిన రుద్దేయడం మాకు సమ్మతం కాదు. ప్రజాస్వామ్యాన్నీ, సోషలిజాన్నీ, స్త్రీల సమానత్వాన్నీ ఆయన ఈసడించాడు. గొప్ప సంస్కృతికి బానిసత్వం తప్పదని 1872లోనే రాశాడు. 1888లో జాకోలియో ఫ్రెంచి అనువాదంలో (అదేమంత నమ్మదగింది కాదు, అది వేరే సంగతి) మనుస్మృతి చదివి, బైబిల్ కన్నా మిన్న అని మెచ్చుకున్నాడు. అంబేడ్కర్ ఈ బంధుత్వాన్ని పసిగట్టి, ఆయన్ని మనువు పక్కన నిలబెట్టి నిలదీశారు.

మరి అరాచకవాది ఎమ్మా గోల్డ్‌మన్, తర్వాత ఫ్రెంచి తత్వవేత్త ఫూకో నీషేలో ఏం చూశారు? లోపలి పేజీల్లో ముగ్గురు వ్యాసకర్తలు మూడు రకాలుగా వాదించారు. రెండో వ్యాసంతో నాకు పేచీ ఉంది, అయినా వేశాం.