మా పిల్లికి షుగరట!

మన తాతలు రంగం అన్న ఈ యాంగాన్‌లో మా పిల్లికి షుగరుందని తేల్చారండీ. ఇద్దరు మెడపట్టి బల్లకేసి అదిమి తీసిన రక్తం మరి! హడలిపోయిన పిల్లికి రక్తంలో చక్కెర అమాంతం పెరుగుతుంది. గడిచిన వారాల తీరు చెప్పే ఫ్రక్టోసమైన్ పరీక్ష చేయమంటే, "ముందు ఇన్సులిన్ మొదలెడదాం" అన్నారు. లేని జబ్బుకి ఇన్సులిన్ పొడిస్తే ప్రాణమే పోవచ్చు..

జంతువులని బెదరగొట్టకుండా ఎలా పట్టుకోవాలో అమెరికా పశువైద్యురాలు సోఫియా యిన్ 2009లోనే పుస్తకం రాసింది. తువ్వాలు కప్పడం, బుట్ట పైమూత తీసి అందులోనే ఉంచి చూడటం.. వీటికి ఏ యంత్రం కావాలి? పిల్లి భయాన్ని గుర్తించడం గారాబమని నవ్వే డాక్టరు, తను కొలిచేదేమిటో తెలియకుండానే మందు రాస్తున్నాడు. కొలవబోతే మారిపోయే తప్పుని మా సాఫ్టువేరోళ్ళం హైసెన్‌బగ్ అంటాం, దాన్ని నమ్మి కోడు మార్చం.

ఇంకోచోట ఆ పరీక్ష చేయించాం. షుగరూ లేదు, గిగరూ లేదు.