ఒక ఎకరం కొండ, ఆరు రోజుల నీళ్లు

హైదరాబాద్‌లోని బంజారాహిల్స్, జూబ్లీహిల్స్, మాదాపూర్‌ల ఆస్తి ధరలు వేరు, పిన్‌కోడ్‌లు వేరు. నేల కింద మాత్రం మూడూ ఒకే గ్రానైటు మీద ఉన్నాయి. ఆ రాయి వయసు దాదాపు 250 కోట్ల ఏళ్లు.

లోతున చల్లబడి గట్టిపడిన ఈ శిల మీది పొరలు క్రమంగా అరిగిపోయాయి. బరువు తగ్గడంతో రాయి నిలువుగా, అడ్డంగా పగిలింది. పగుళ్లలోకి దిగిన వాన నీరు దిమ్మెల అంచుల్ని, మూలల్ని ముందుగా కొరికింది. పలకగా ఉన్న దిమ్మె గుండయింది. ఇదంతా నేల లోపలే జరిగింది. చుట్టూ మెత్తబడిన మొరం వానలకు కొట్టుకుపోయాక, గుండు మీద గుండు ఎవరో పేర్చినట్టు బయటపడ్డాయి. ఇలా రాయి క్రమంగా మెత్తబడి మొరంగా మారడాన్ని శైథిల్యం అంటారు.

బయటికి తేలిన బండ అరిగే వేగాన్ని ప్రపంచంలో చాలాచోట్ల కొలిచారు. ఆ కొలతల సగటు పది లక్షల ఏళ్లకు 12 మీటర్ల దగ్గర తేలింది. అంటే వందేళ్లకు మిల్లీమీటరు కంటే కాస్త ఎక్కువ. నాలుగంతస్తుల సెల్లార్ కోసం తవ్వే గొయ్యి కూడా సుమారు 12 మీటర్ల లోతే ఉంటుంది. దాన్ని తవ్వడానికి కొన్ని నెలలు చాలు.

ఈ కొండల మీద మొదట లంబాడీ తండాలుండేవి. లంబాడీలను బంజారాలనీ అంటారు. బంజారాహిల్స్ అన్న పేరు వాళ్ల వల్లే వచ్చింది. తర్వాత నిజాం ప్రభుత్వ అధికారి మెహదీ నవాజ్ జంగ్ ఇక్కడి బండల్ని కదిలించకుండా, వాటినే భాగం చేసుకుని ఇల్లు కట్టుకున్నారు. 1933లో రవీంద్రనాథ్ ఠాగూర్ వచ్చి ఈ కొండల్లోనే బస చేశారు. 1960లలో సహకార గృహ నిర్మాణ సంఘం చొరవతో జూబ్లీహిల్స్ మొదలైంది. ఆనాటి ఇళ్లకు పునాది మందం తవ్వితే సరిపోయేది. 1998లో సైబర్ టవర్స్ ప్రారంభమయ్యాక మాదాపూర్ వైపు భూమి విలువ మారింది. 2006లో, స్థలం విస్తీర్ణాన్ని బట్టి కట్టగలిగే మొత్తం అంతస్తుల వైశాల్యానికి ఉన్న పరిమితిని తీసేశారు. అప్పటి నుంచి భవనం ఎత్తును ప్రధానంగా రోడ్డు వెడల్పు, చుట్టూ వదిలే ఖాళీ జాగా నిర్ణయిస్తున్నాయి. ఎత్తు పెరిగితే ఫ్లాట్లు పెరుగుతాయి, వాటితో కార్లు పెరుగుతాయి. కార్లకు చోటు నేల కిందే వెతకాలి. ఇక్కడ సెల్లార్ లోతు పెరగడానికి అసలు కారణం ఇదే. బిల్డర్ల అత్యాశ ఒక్కటే కారణమనడం తేలిక, కానీ పూర్తి నిజం కాదు.

ఇంతకీ ఆ గొయ్యిలోంచి తీసేసేది ఏమిటి? అచ్చమైన గ్రానైటులో నీరు నిలవదు. పైనున్న మొరంలో, దాని కింది పగుళ్లలో నిలుస్తుంది. నగరానికి దక్షిణాన మహేశ్వరం దగ్గర జాతీయ భూభౌతిక పరిశోధన సంస్థ (ఎన్‌జీఆర్‌ఐ), ఫ్రెంచ్ శాస్త్రవేత్తలు కలిసి ఇలాంటి గ్రానైటునే ఏళ్ల తరబడి పరిశీలించారు. అక్కడ మొరం మందం 10 నుంచి 20 మీటర్ల లోపు. నీరు బాగా పారే పగుళ్లు సుమారు 40 మీటర్ల లోపే. ఆ లోతు దాటితే అవి వేగంగా తగ్గిపోతాయి. తడిసిన రాతి పొర ఘనపరిమాణంలో బోరు తోడుకోగలిగే నీటి భాగాన్ని ‘వదిలే వాటా’ అందాం. అక్కడ అది 1.4 శాతం దగ్గర తేలింది. మిగతాదంతా రాయి, దాన్ని పట్టుకుని ఉండిపోయే నీరు.

కాబట్టి 12 మీటర్ల గొయ్యి, నీరు దాచుకునే పొరలో ముఖ్యమైన భాగాన్నే తీసేస్తుంది. చుట్టుపక్కల మొరంలోని నీరు ఆ గొయ్యిలోకి ఊరుతుంది. దాన్ని మోటార్లతో తోడి నాలాలోకి వదులుతారు. కట్టడం పూర్తయ్యాక కూడా కొన్ని భవనాల సెల్లార్ మోటార్లు ఆగవు. పక్కింటి బోరు ఎండుతుంది, వాళ్లు ఇంకా లోతుకు వేస్తారు. వెయ్యి అడుగుల బోర్ల మాట ఇక్కడ కొత్తేమీ కాదు. వెయ్యి అడుగులంటే 300 మీటర్లు. పగుళ్లు ఎక్కువగా ఉన్న పొర దాటాక ఇంకా 260 మీటర్లు.

ఇప్పుడు ఒక ఎకరం లెక్క వేద్దాం. హైదరాబాద్‌లో ఏడాదికి సుమారు 800 మిల్లీమీటర్ల వాన పడుతుంది. ఎకరం మీద అది 32 లక్షల లీటర్లు. గ్రానైటు నేలలో దాదాపు పదో వంతు ఇంకుతుందనుకుంటే 3.2 లక్షల లీటర్లు. అదే ఎకరంలో వంద ఫ్లాట్లు, ఫ్లాటుకు నలుగురు, మనిషికి రోజుకు 135 లీటర్లు. రోజు వాడకం 54 వేల లీటర్లు. అంటే ఏడాదంతా ఇంకిన నీరు ఆరు రోజులకు సరిపోతుంది. చుక్క కూడా పోకుండా మొత్తం వానను పట్టినా 60 రోజులకే. వంద ఫ్లాట్లంటే ఇప్పటి టవర్లలో చిన్న లెక్కే. సెల్లార్ తవ్విన చోట ఆ పదో వంతు కూడా ఇంకదు.

మిగిలిన రోజులకు నీళ్లు ఇంకెక్కడి నుంచో రావాలి. 2004 నుంచి కృష్ణా, 2015 నుంచి గోదావరి, రెండూ వంద కిలోమీటర్లకు పైగా ప్రయాణం చేసి వస్తున్నాయి. ఎండాకాలంలో పైపు చాలకపోతే టాంకర్. పది వేల లీటర్ల టాంకర్లయితే మన ఎకరానికి రోజుకు ఐదారు కావాలి. ప్రైవేటు టాంకర్ల నీళ్లు చాలావరకు శివార్లలోని బోర్లవే. అక్కడి రాయీ ఇదే గ్రానైటు.

బండల్ని కాపాడాలన్న ఆలోచన లేకపోలేదు. 1996లో సొసైటీ టు సేవ్ రాక్స్ పుట్టింది. ఆ కృషి ఫలితంగా శిల్పారామంలోని బేర్స్ నోస్, హైదరాబాద్ విశ్వవిద్యాలయంలోని మష్రూమ్ రాక్, దుర్గం చెరువు చుట్టూ ఉన్న గుట్టలు వంటి తొమ్మిది శిలా సముదాయాలు అప్పటి నగరాభివృద్ధి సంస్థ హుడా వారసత్వ నిబంధన కింద రక్షణ పొందాయి. 2015 డిసెంబరులో ఆ నిబంధననే తొలగించారు. 2017లో కొత్త వారసత్వ చట్టం వచ్చింది. బండల విషయంలో పాత జాబితా చూసింది ప్రత్యేకమైన ఆకారాన్నే. నీరు నిలిపే సాదా మొరం పొర గురించి అందులో మాట లేదు. దాన్ని ఫొటో తీయడానికి ఎవరూ రారు మరి.

ఈ పరిసరాల్లో ఆ పొర పెద్ద విస్తీర్ణంలో చెదరకుండా మిగిలిన చోట్లలో ముఖ్యమైనది కేబీఆర్ పార్కు, దాదాపు 390 ఎకరాలు. అది మిగలడానికి కారణం 1998లో దాన్ని జాతీయ ఉద్యానంగా ప్రకటించడం.

ఈ కొండల్లో ఫ్లాట్ కొనబోయేవారు బ్రోచర్ పక్కన పెట్టి బిల్డర్‌ని మూడు అంకెలు అడగండి: సెల్లార్ ఎన్ని మీటర్ల లోతు, అందులోంచి రోజుకు ఎన్ని లీటర్లు తోడుతున్నారు, బోరు ఎన్ని అడుగుల దగ్గర నీళ్లిచ్చింది. అనుమతి ఇచ్చే అధికారులు ఆ రెండో అంకెకు మీటరు పెట్టించాలి.