“జరుగమ్మా, నేను చేస్తా”

మా అమ్మాయి పెళ్ళయ్యాక ఫొటోగ్రాఫరు పెన్‌డ్రైవ్ చేతిలో పెట్టి, “ఆల్బమ్‌కి 250 ఫొటోలు ఎంచి వేరే ఫోల్డర్‌లో వేసివ్వండి మేడమ్” అన్నాడు. అందులో ఉన్నవేమో మూడు వేల పైచిలుకు! ఈ మధ్య ఇంట్లో పెళ్ళి చేసినవాళ్ళకి ఆ బాధ నేను ప్రత్యేకంగా చెప్పక్కర్లేదు.

నేను చేసిన పని వింటే నవ్వుతారు. ఒక ఫొటో మీద రైట్ క్లిక్, కాపీ, వెనక్కి, రెండో ఫోల్డర్, పేస్ట్, మళ్ళీ వెనక్కి. తిరిగొచ్చేసరికి ఎక్కడ ఆపానో గుర్తుండదు. మధ్యాహ్నమంతా కూర్చుంటే నలభై అయ్యాయి. పొయ్యి మీద పాలు పొంగడం అదనం.

మావాడు చూసి, “జరుగమ్మా, నేను చేస్తా” అన్నాడు. మొదటి ఫొటో మీద నొక్కాడు, ఏదో కీ పట్టుకుని ఎక్కడో కింద ఇంకోటి నొక్కాడు. జీలకర్ర బెల్లం నుంచి తలంబ్రాల దాకా అన్నీ ఒకేసారి నీలంగా అయిపోయాయి! పావుగంటలో “250 అయిపోయాయి” అని లేచి వెళ్ళిపోయాడు.

తీరిగ్గా చూసుకుంటే అన్నీ స్టేజీ మీదవే. పందిరి చివర కుర్చీలో కూర్చుని, వడ్డన వాళ్ళని చూసి బోసినోటితో నవ్వుతున్న మా అమ్మ ఫొటో లేదు. పెళ్ళయిన రెండు నెలలకే అమ్మ వెళ్ళిపోయింది. ఆ నవ్వు ఇంకెక్కడా లేదు నాకు. వాణ్ణి తప్పు పట్టను, ఆ ఫొటో ఉందని వాడికి తెలీదు. కానీ “ఎలా చేశావో నాకూ చూపించరా” అంటే, “నీకెందుకమ్మా, ఏం కావాలో చెప్పు, నేను చేసిపెడతా” అన్నాడే, అక్కడ నాకు కోపం వచ్చింది. మూడు వేల ఫొటోల్లో నాకేం కావాలో పక్కన నిలబడి ఎలా చెప్తాను? చూస్తుంటే కదా తెలిసేది!

చివరికి అమ్మాయే ఫోన్లో నేర్పింది. ఐదు నిమిషాలు పట్టిందేమో. “ఎడమ పక్క కింద మూలన కంట్రోల్ ఉంటుంది, అది నొక్కి పట్టుకుని కావలసిన వాటి మీద ఒక్కొక్కసారి క్లిక్ చెయ్యమ్మా” అంది. మావాడు పట్టుకున్నది షిఫ్ట్ అట. షిఫ్ట్ అంటే ఇక్కణ్ణించి అక్కడిదాకా మధ్యలో ఉన్నవన్నీ. కంట్రోల్ అంటే ఇదీ, అదీ, ఆ మూలదీ. పొరపాటున వచ్చినదాని మీద కంట్రోల్ వదలకుండా మళ్ళీ నొక్కితే అదొక్కటే పోతుంది. నేనిప్పుడు ముందు షిఫ్ట్‌తో ఒక వరస మొత్తం తీసుకుని, కళ్ళు మూసుకున్నవీ మసకవీ కంట్రోల్‌తో తీసేస్తున్నాను. బియ్యంలో రాళ్ళు ఏరడమే. అది మనకి ఒకరు నేర్పాలా?

దెబ్బలూ తిన్నాను. అరవై ఎంచాక వేలు తీసేసి ఖాళీ జాగాలో నొక్కాను, అన్నీ మాయం. అప్పట్నించి ఇరవై కాగానే కంట్రోల్ సి కొట్టి, రెండో ఫోల్డర్‌లో కంట్రోల్ వి కొట్టేస్తున్నాను. ఇంకోసారి కంట్రోల్ పట్టుకునుండగా మౌస్ కాస్త జారితే, ఎంచినవన్నీ అక్కడే రెండేసి అయ్యాయి! కంట్రోల్ జెడ్ కొడితే సర్దుకుంది. షిఫ్ట్ పట్టుకుని డిలీట్ మాత్రం నొక్కకండి, అలా పోయినవి రీసైకిల్ బిన్‌లోకి కూడా రావు.

నేననేదల్లా ఒకటే. పిల్లలు సాయం అనుకుని మౌస్ లాక్కుంటారు. వీడికి పలక మీద అ ఆ లు దిద్దించినప్పుడు “జరుగు, నేను రాసేస్తా” అంటే నాకెంత పని కలిసొచ్చేది! చెయ్యి పట్టుకుని దిద్దించాం, సున్నా వంకరపోతే మళ్ళీ దిద్దించాం. మాకు ఆ ఐదు నిమిషాలు ఇవ్వడానికి వీళ్ళకి ఓపిక ఉండదు. మనమూ తక్కువ తినలేదు లెండి, “నాకు రాదు బాబూ” అని ముందే లేచిపోతాం. మా ఆయనైతే టికెట్ల దగ్గర్నించి కరెంటు బిల్లు దాకా వాడి మీదే వదిలేశారు.

మొత్తం ఎంచడానికి నాకు నాలుగు రోజులు పట్టింది. లెక్క 281 దగ్గర తేలింది. ఎక్కువైనవాటికి పేజీలు పెరుగుతాయంటే, స్టేజీ మీద వరసగా నిలబడ్డవి 31 తీసేశాను, వాటిలో మా ఆయన ఆఫీసువాళ్ళవి చాలా ఉన్నాయి. ఆయనింకా చూసుకోలేదు. అమ్మ ఫొటోకి ఒక పేజీ మొత్తం ఇమ్మని చెప్పాను.

ఆల్బమ్ వచ్చాక మావాడు ఆ పేజీ దగ్గర చాలాసేపు ఆగి, “ఇది ఎక్కడుందమ్మా? నాకూ పంపించవా” అన్నాడు. పంపించాను. దాంతోపాటు అమ్మవి ఇంకో పదకొండు.