కోదాడ రాకుమారుడు, తుంగతుర్తి డాక్టరు

కాంతారావు అనగానే పాతతరానికి కత్తి గుర్తొస్తుంది. కోదాడ దగ్గరి గుడిబండలో 1923లో పుట్టిన తాడేపల్లి లక్ష్మీకాంతారావు మద్రాసు చేరారు. హెచ్.ఎం. రెడ్డి ఆయన్ను తెరమీదికి తెచ్చారు. 1953లో ‘ప్రతిజ్ఞ’తో హీరోను చేశారు. ఆ తర్వాత విఠలాచార్య జానపదాల్లో రాకుమారుడంటే ఆయనే. ‘లవకుశ’లో లక్ష్మణుడు ఆయనే. నారదుడి వేషానికీ ఆయన్నే పిలిచేవాళ్లు. ఈ సంగతులు కోదాడ, సూర్యాపేట, మిర్యాలగూడల్లో ఏ పెద్దాయన్ని కదిలించినా చెప్తారు. కాంతారావు నిర్మాత కూడా అన్న సంగతి మాత్రం చాలామందికి తెలియదు. తెలిసినవాళ్లు సైతం ‘పాపం, సొంత సినిమాలు తీసి ఉన్నదంతా పోగొట్టుకున్నాడు’ అని ఒక్క మాటలో తేల్చేస్తారు.

ఆ ‘పాపం’ దగ్గర ఆగిపోవడం అన్యాయం. ఈ ప్రాంతంనుంచి వెళ్లి, సొంత డబ్బు ఒడ్డి తెలుగు సినిమా తీసిన తొలితరం మనుషుల్లో ఆయన ఒకరు. ‘సప్తస్వరాలు’, ‘గండర గండడు’, ‘ప్రేమజీవులు’, ‘గుండెలు తీసిన మొనగాడు’ ఆయన నిర్మించిన సినిమాలు. మొదటి రెండూ 1969లోనే వచ్చాయి. జానపదాల జోరు తగ్గుతోంది, సాంఘికాలు రంగుల్లోకి మారుతున్నాయి, కొత్త హీరోలు నిలదొక్కుకుంటున్నారు. తనకు పేరు తెచ్చిన కథలు ఇక ఎవరూ తీయరేమో అనిపించే కాలంలో ఒక నటుడు తానే తీయడానికి పూనుకున్నాడు. దాన్ని తెలివితక్కువతనం అనలేం. తన పని తన చేతిలోనే ఉండాలనుకునే కళాకారుడి తెగింపు అది.

అప్పట్లో సినిమా లెక్క ఎలా ఉండేదో తెలిస్తే ఆ తెగింపు బరువు అర్థమవుతుంది. చేతిలో ఉన్నది కొంత, డిస్ట్రిబ్యూటర్లు ఇచ్చే అడ్వాన్సు కొంత, మిగిలింది ఫైనాన్సరు దగ్గర వడ్డీకి. షూటింగు ఒక నెల వెనకబడితే వడ్డీ ఒక నెల ముందుకు నడిచేది. బాకీలు తీరేదాకా ల్యాబ్ నుంచి ప్రింట్లు కదిలేవి కావు. టీవీ హక్కులు లేవు, ఓటీటీ ఊసే లేదు. థియేటర్లో టికెట్టు తెగితేనే డబ్బు. మిర్యాలగూడలో రైస్ మిల్లు నడిపేవాళ్లకు అప్పు కొత్త కాదు, నష్టమూ కొత్త కాదు. అయితే ధర పడిపోయినా మిల్లులో బియ్యం మిగులుతాయి, తగ్గించైనా అమ్ముకోవచ్చు. ఆడని సినిమా డబ్బాలకు ఆ రోజుల్లో ఆ పాటి విలువ కూడా ఉండేది కాదు.

కాంతారావు ఆస్తులు అలాగే కరిగిపోయాయి. ఒకప్పుడు పోస్టరు నిండా కనిపించిన మనిషి చివరి రోజుల్లో చిన్న వేషాలు వేశారు, టీవీ సీరియళ్లలో నటించారు. 2009లో హైదరాబాద్‌లో కన్నుమూశారు.

అదే సీమనుంచి మరో నిర్మాత వచ్చారు. నేటి సూర్యాపేట జిల్లా తుంగతుర్తిలో 1935లో పుట్టిన డాక్టర్ ఎం. ప్రభాకర్ రెడ్డి. ఉస్మానియాలో వైద్యం చదివారు. 1960లో ‘చివరకు మిగిలేది’తో సినిమాల్లోకి వచ్చారు. తెరమీద ఎక్కువగా విలన్. తెరవెనుక మాత్రం కుటుంబ కథలు అల్లడంలో దిట్ట. 1972లో వచ్చిన ‘పండంటి కాపురం’ కథ ఆయనదే. ఆ సినిమాకు జాతీయ ఉత్తమ తెలుగు చిత్రం పురస్కారం దక్కింది. ‘కార్తీక దీపం’ కథ కూడా ఆయనదే. నిర్మాతగానూ సినిమాలు తీశారు. రాజమండ్రి అమ్మాయి లలితారాణికి జయప్రద అని పేరు పెట్టింది ఈ తుంగతుర్తి డాక్టరే.

ఇవన్నీ ఒక ఎత్తు. హైదరాబాద్ శివార్లలో తన పదెకరాల భూమిని సినీ కార్మికుల ఇళ్లకోసం ఇచ్చేయడం ఇంకో ఎత్తు. లైట్లు మోసేవాళ్లు, మేకప్ వేసేవాళ్లు, ఫైటర్లు, జూనియర్ ఆర్టిస్టులు మద్రాసునుంచి హైదరాబాద్‌కు సర్దుకుంటున్న ఏళ్లవి. స్టూడియోలు వచ్చాయి, పని చేసేవాళ్లకు తల దాచుకునే చోటు లేదు. మణికొండలోని చిత్రపురి కాలనీ నేటికీ డాక్టర్ ఎం. ప్రభాకర్ రెడ్డి పేరుతోనే ఉంది. ఆయన 1997లో పోయారు. ఆ తర్వాత ఇళ్ల కేటాయింపులమీద ఆరోపణలు వచ్చాయి, కేసులు నడిచాయి. భూమి ఇచ్చిన మనిషి ఆశయానికి అవి తగిన సంగతులు కావు.

సినీ కార్మికులకు నీడ కల్పించే ఇలాంటి పనే అమెరికాలో ఒక మహిళా నిర్మాత చేశారు. మేరీ పిక్‌ఫోర్డ్ మూకీల కాలంలో ప్రపంచమంతా ఎరిగిన తార. 1919లో చాప్లిన్, ఫెయిర్‌బ్యాంక్స్, గ్రిఫిత్‌లతో కలిసి యునైటెడ్ ఆర్టిస్ట్స్ స్థాపించారు. తమ సినిమాలమీద హక్కు తమదే కావాలన్నది వాళ్ల పట్టుదల. అక్కడితో ఆమె ఆగలేదు. పని దొరకని సినిమావాళ్లకోసం 1921లో సహాయనిధి ఏర్పాటులో ముందు నిలిచారు. 1932లో ఒక చందా పద్ధతి తెచ్చారు. వారానికి 200 డాలర్లకు మించి సంపాదించేవాళ్లు జీతంలో అర శాతం నిధికి ఇవ్వాలి. ఆ నిధి తరఫున లాస్ ఏంజెలెస్ వుడ్‌ల్యాండ్ హిల్స్‌లో 48 ఎకరాలు కొన్నారు. వృద్ధ సినీ కార్మికుల నివాసం 1942లో అక్కడ తెరుచుకుంది.

తేడా ఎక్కడుందంటే, అక్కడ ఒక మనిషి మంచితనం పద్ధతిగా మారింది. ఇక్కడ ప్రభాకర్ రెడ్డి మంచితనం ఆయనతోనే ఆగింది. ఆయన తర్వాత పదెకరాలు ఇచ్చిన నిర్మాత పేరు చెప్పమంటే ఎవరైనా తడుముకోవాల్సిందే. కాంతారావులా మునిగిన నిర్మాతకు ఆసరా అయ్యే పద్ధతి లేకపోయింది. ఇది ఈ వ్యాపారం చేసిన పెద్ద తప్పు.

ఇప్పుడు తెలుగు సినిమాలోకి అమెరికా డబ్బు, అమెరికా అనుభవం రెండూ వస్తున్నాయి. మైత్రీ మూవీ మేకర్స్ అధినేతలు అమెరికాలో ఉండి వచ్చినవాళ్లే. 2015లో ‘శ్రీమంతుడు’తో మొదలుపెట్టి ‘పుష్ప’ దాకా వెళ్లారు. అమెరికాలో స్థిరపడ్డ ప్రవీణ పరుచూరి విశాఖ కంచరపాలెం వాసులతో ‘కేరాఫ్ కంచరపాలెం’ తీసి 2018లో అందరి మెప్పూ పొందారు. కోదాడ, మిర్యాలగూడలనుంచి వెళ్లిన పిల్లలు కూడా రేపు డాలర్లతో ఈ రంగంలోకి దిగొచ్చు. దిగాలి కూడా. దిగేముందు తమ ఊరి పక్కన పుట్టిన కాంతారావు ఎలా నష్టపోయారో, ప్రభాకర్ రెడ్డి దేనికి భూమి ఇచ్చారో తెలుసుకుని దిగాలి.

తెలంగాణ ప్రభుత్వం 2025లో మొదలుపెట్టిన గద్దర్ సినిమా అవార్డుల్లో కాంతారావు పేరుతో ఒక పురస్కారం చేర్చింది. మంచి పని. మొదటిసారి దాన్ని అందుకున్నది ఒక హీరో. నటుడు కాంతారావుకు ఆ గౌరవం చెల్లింది, నిర్మాత కాంతారావుకు చెల్లాల్సింది ఇంకా ఉంది. విడుదలయ్యే ప్రతి తెలుగు సినిమా బడ్జెట్‌లో అర శాతం పక్కన పెట్టించి, చితికిపోయిన చిన్న నిర్మాతలకూ వయసు మళ్లిన కార్మికులకూ చేరేలా కాంతారావు, ప్రభాకర్ రెడ్డిల పేరిట ఒక నిధి పెట్టాలి. నిర్మాతల మండలి, ఫిల్మ్ ఛాంబర్, ప్రభుత్వం కలిసి కూర్చుంటే అయ్యే పని ఇది. కోదాడ, సూర్యాపేట, మిర్యాలగూడ ఎమ్మెల్యేలు ఈ మాట అసెంబ్లీలో ఎత్తాలి.