వకాల్తా లేని ప్రధాని

1937 ఏప్రిల్ 1వ తేదీని చెన్నరాజధానికి ప్రధానమంత్రియైనవారు సర్ కూర్మా వెంకటరెడ్డి నాయుడుగారు. రాజమహేంద్రవరమున జన్మించి, ఏలూరున న్యాయవాదియై పేరుగాంచిన మన గోదావరివారు. అంతటి పీఠము మనవారికి దక్కినదని సంతోషింపవలసిన దినమే. కాని దానిని వారికిచ్చినది ఎవరు?

ఆ ఫిబ్రవరి యెన్నికలలో 215 స్థానములకు 159 కాంగ్రెసు గెలిచినది. బొబ్బిలి రాజావారంతటివారు వి. వి. గిరిగారి చేతిలో ఓడిరి. మన పిఠాపురము రాజావారు జస్టిస్ కక్షను వీడి స్థాపించిన పీపుల్సు పార్టీని సైతము ఓటరులు లెక్కసేయలేదు. ప్రత్యేకాధికారములను వినియోగింపనని గవర్నరు మాట యిచ్చిననేగాని పదవులు స్వీకరింపమని కాంగ్రెసువారు పట్టుబట్టగా, ఎర్‌స్కిన్ దొర మొదట శ్రీనివాసశాస్త్రిగారిని పిలిచెను. వారు ఒల్లమనిరి. పిమ్మట పిలువగా నాయుడుగారు సమ్మతించిరి.

నాయుడుగారు అల్పులు గారు. 1919లో లండనున నాయరుగారు మరణింపగా, పార్లమెంటు సంఘము నెదుట బ్రాహ్మణేతరుల ప్రాతినిధ్యమునకై వాదించినవారు వీరే. మెస్టను తీర్పు 65 సామాన్యస్థానములలో 28 వారికి ప్రత్యేకించినది. ఆ వాదముతో మనము ఏకీభవింపకపోవచ్చును. అయినను అచ్చట కక్షిదారు గలడు, వకాల్తా గలదు. కాంగ్రెసు బహిష్కరించిన 1920 యెన్నికల పిమ్మట అభివృద్ధిశాఖ మంత్రియైరి. 1936లో కొన్ని మాసములు గవర్నరు స్థానమునే నిర్వహించిరి.

ఈ పదవులన్నిటికంటె దక్షిణాఫ్రికాలో భారత ప్రభుత్వపు ఏజెంటుగా 1929 మొదలు 1932 వరకు వారు చేసిన కొలువు విచారింపదగినది. 1860 నుండి 1911 వరకు నేటాలు చెరకుతోటలకు ఒప్పందపు కూలీలుగా పోయినవారు లక్షన్నర. అందు చెన్నపట్టణపు రేవున ఓడనెక్కిన తెలుగువారు వేలకువేలు. అచ్చటి మనవారు ఆంధ్ర మహాసభను నెలకొల్పుకొన్నది 1931లో, నాయుడుగారి కాలముననే. 1932 కేప్‌టౌను సమావేశమున శాస్త్రిగారి సరసన, సరోజినీదేవిగారి సరసన కూర్చుండి వీరును మనవారి పక్షమున నిలిచిరి. అయినను ట్రాన్స్‌వాలులో ఆసియావారి భూమిహక్కులకు సంకెల వేయు చట్టము ఆ యేడే పుట్టినది. లోపము వాదనలో లేదు. వెనుక స్వతంత్రదేశము లేని రాయబారి మాటకు ఆ తెల్లదొరలు కట్టిన వెల అంతియే. ఈ యనుభవము గడించి వచ్చినవారు, ఐదేండ్లకే, వెనుక శాసనసభ లేని ప్రధానిత్వమునకు తలయూపుట మాకు వింతగా తోచుచున్నది.

పరిపాలన ఆగరాదు గదా, ఎవరో ఒకరు భారము మోయవలదా యని వారి పక్షమున చెప్పువారు గలరు. ఇందు కొంత పస లేకపోలేదు. మంత్రివర్గమే లేకున్న 93వ సెక్షను క్రింద గవర్నరే సర్వము తానై యేలును. కాని అట్లు ఏలినచో ఏలువాడెవడో రైతునకు తేటపడును. తెలుగువాని మొగము ముందుంచి ఆ పాలననే నడపినచో నింద మనకు, పెత్తనము దొరకు. వేలములో ఒకరి పేర మరియొకరు పాడి భూమి కొనుటను మన పల్లెలలో బేనామీ యందురు. కోర్టులలో ఆరితేరిన నాయుడుగారికి ఆ మాట తెలియనిదా? ఆ మూడున్నర మాసములలో శాసనసభను ఒక్కసారియైనను పిలువలేదు. పిలిచిన దినముననే మంత్రివర్గము కూలును గదా!

జూన్‌లో వైస్రాయి వివరణ వెలువడినది. జూలైలో వార్ధాయందు కాంగ్రెసు కార్యసంఘము పదవీస్వీకారమునకు అంగీకరించినది. 14వ తేదీని నాయుడుగారు తొలగగా రాజగోపాలాచారిగారు ప్రధానులైరి. దక్షిణాఫ్రికాలో శాస్త్రిగారి స్థానమునకు వచ్చిన నాయుడుగారే 1940లో అన్నామలై విశ్వవిద్యాలయమున మరల శాస్త్రిగారి పీఠమునకు వచ్చి, 1942లో దివంగతులైరి. 1937లో మాత్రము వారు అందుకొన్నది శాస్త్రిగారు కాదన్నదానిని.